ఇంటివైపు పరుగు

నాటింగ్‌హామ్
4 నవంబర్ 2007

అక్కా,

ముందుగా బావకి చెప్పు, ఆయన ఇచ్చిన గొడుగు బస్సులో మరిచిపోయానని. తిట్లు నీ వంతు.

వెంబ్లీలో అమెరికా జట్ల మ్యాచ్ చూసి వద్దామని మా కాలేజీ వాళ్లంతా బస్సు కట్టుకుని వస్తే, నేను సగంలో లేచి ఈస్ట్ హామ్ వచ్చేశానా? వాళ్లింకా దెప్పుతున్నారు. ఆ వానలో మీ బజర్ నొక్కి నొక్కి వేలు అరిగింది. నువ్వు మూడంతస్తులూ దిగి తలుపు తీసేసరికి నేను తడిసి ముద్దయ్యాను. అయినా ఏం దిగడమే అది! గోడ పట్టుకుని, పక్కకి తిరిగి, అచ్చం ఎండ్రకాయలాగా. ఇరవై ఆరేళ్లకే ముసలమ్మవైపోయావు. పేరుకే సర్జరీ, వట్టి డాక్టరు క్లినిక్, దాని రిసెప్షన్‌లో కుర్చీకి అతుక్కుపోతే అంతే మరి.

ఫోనుండగా ఉత్తరమేమిటని నవ్వకు. నువ్వు కరీంనగర్‌లో స్పోర్ట్స్ హాస్టల్లో ఉన్నప్పుడు వారానికో ఇన్‌లాండ్ కవరు రాసేవాణ్ణి, గుర్తుందా? ఫోన్లో మనిద్దరం "తిన్నవా", "తిన్న" దాటి ముందుకు పోము. కాగితం మీదైతే నా నోరు ఆగదు.

ఆ రోజు చెప్పడానికి టైము చాలలేదు. అక్కా, నేను కాలేజీ అమెరికన్ ఫుట్‌బాల్ జట్టులో చేరాను! పేరుకే ఫుట్‌బాల్. కోడిగుడ్డులాంటి బంతిని చంకలో పెట్టుకుని ఎదుటివాళ్ల గీత దాటాలి. దాటనీయకుండా పడగొట్టేవాళ్లలో నేనొకణ్ణి. జట్టు పేరు వీవర్స్. నేతగాళ్లన్నమాట. సిరిసిల్లవాణ్ణి, ఆ పేరు విని ఎలా ఆగుతాను? కెప్టెన్ డానీ ఆరడుగుల నాలుగంగుళాలు. "నన్ను ఆపి చూపించు" అన్నాడు. వాడు మీదికి రాగానే నేను కింద పడి చీలమండ పట్టేశాను. గుమ్మడికాయ దొర్లినట్టు దొర్లాడు. లేచి, "వేర్ డిడ్ యు లర్న్ దట్?" అన్నాడు. మా అక్క నేర్పిందన్నాను.

నిజంగా అక్కా, బాపు నిన్ను ఆపకపోయి ఉంటే నువ్విప్పుడు ఏ ఇండియా కబడ్డీ జట్టుకో ఆడుతూ ఉండేదానివి. నేను హెల్మెట్ పెట్టుకున్న ప్రతిసారీ అదే గుర్తొస్తుంది, ఒళ్లు మండుతుంది.

మల్లి


ఈస్ట్ హామ్
14 నవంబర్ 2007

తమ్మీ,

ముసలమ్మ రాస్తోంది, చదువుకో. గొడుగు సంగతి విని మీ బావ, "ఉత్తరం రాసిండు కదా, పోనీ" అన్నాడు. ఆయన మంచితనం నీకు అలుసైపోయింది.

ఎమ్మెస్సీకి పంపితే మనుషుల మీద పడి దొర్లుతున్నావన్నమాట. నీ బొంద. సరే, చేరావు కాబట్టి చెప్తున్నాను. చీలమండ పట్టుకునేటప్పుడు వాడి ముఖం చూడకు, నడుము చూడు. ముఖం మోసం చేస్తుంది, నడుము చెయ్యదు. పట్టాక రెండో చెయ్యి వేసే దాకా ఊపిరి వదలకు. తల మాత్రం పక్కకి పెట్టు. వాడి మోకాలికి నీ తల అడ్డం పెట్టావంటే కొబ్బరికాయే.

మీ వాళ్లకి నువ్వేదో పెద్ద కబడ్డీ వీరుడివని చెప్పుకుంటున్నావేమో, నాకు తెలియదా నీ సంగతి! కూతకు పొమ్మంటే ఏడ్చేవాడివి. గీత దాకా పోకముందే నీ కూత తెగిపోయేది. జన్మలో ఒక్కసారి కూడా అవతలి కోర్టు తొక్కిన పాపాన పోలేదు. ఎడమ మూల నిలబడి, వచ్చినవాడి కాలు పట్టడం, అదొక్కటే నీ విద్య. అది బాగా పట్టేవాడివి. ఒప్పుకుంటాను.

బాపు ముచ్చట వదిలేయ్. తొమ్మిదేళ్లయింది. ఎత్తినప్పుడల్లా నాకేం బాగుండదు.

ఇక్కడ ఈ నెలంతా ఫ్లూ ఇంజెక్షన్లు. డ్యూటీ రోటాలో నా పేరే ఎక్కువసార్లు ఉంటోంది. ఫోన్ పెట్టే లోపే ఇంకోటి మోగుతుంది. చలికి చెవులు కప్పుకో.

స్వరూప


నాటింగ్‌హామ్
9 డిసెంబర్ 2007

అక్కా,

మూడు మ్యాచ్‌లు, మూడు ఓటములు. మొదటిదైతే ముప్పై నాలుగు - సున్నా. అయినా ఆదివారం ఎప్పుడొస్తుందా అని సోమవారం నుంచే కాలు నిలవదు. క్లాసులో కూర్చుంటే బల్ల కింద మడమలు ఆడుతుంటాయి. పక్కనున్న పిల్ల, "ఆర్ యు కోల్డ్?" అని అడిగింది.

నీ నడుము సూత్రం పనిచేసింది. పోయిన వారం ఒక బండలాంటివాణ్ణి వరుసగా రెండుసార్లు పడగొట్టాను. డానీ నన్ను ఎత్తి భుజాన వేసుకున్నాడు.

అసలు ముచ్చట ఇది విను. ఆట మధ్యలో ఎవరిదో కుక్క, చెవులు వేలాడే గోధుమరంగుది, మైదానంలోకి ఉరికి వచ్చి సరిగ్గా బంతి మీద కూర్చుంది. రెఫరీ విజిల్ వేస్తాడు, అది చూస్తుంది, కదలదు. చివరికి ఆ ముసలి రెఫరీ జేబులోంచి బిస్కెట్ తీసి ఇచ్చాకే లేచింది. మా డానీ, "ఈ సీజన్లో మా వైపు బంతి ఆపినది అదొక్కటే" అన్నాడు. పడీ పడీ నవ్వాం.

నాలుగో భాగంలో ఒకడి మోకాలు నా హెల్మెట్‌కి తగిలింది. కొంచెం దిమ్మ తిరిగింది, అంతే. నీళ్లు తాగాను, తగ్గిపోయింది.

ముప్పై ఒక్క మందితో మొదలుపెట్టాం. ఇప్పుడు ఇరవై ఆరు. ఒకడికి భుజం, ఒకడికి వేళ్లు, ముగ్గురికి ఓపిక పోయింది.

మల్లి


ఈస్ట్ హామ్
20 డిసెంబర్ 2007

తమ్మీ,

కుక్క ముచ్చట మీ బావకి రెండుసార్లు చదివి వినిపించాను. పై ఫ్లాట్ సావిత్రమ్మ ఆంటీకి కూడా చెప్పాను. ఆవిడ నవ్వీ నవ్వీ, "ఆ బిస్కెట్ ఏదో మీ తమ్మునికి కూడ పెట్టమను, గెలుస్తడేమో" అంది.

దిమ్మ తిరిగిందని ఒక్క ముక్కలో దాటేశావు. ఎంతసేపు తిరిగింది? వాంతి వచ్చిందా? తర్వాత మళ్లీ ఆడావా? ఇవి అక్క అడిగే ప్రశ్నలు కావు, మా సర్జరీలో తలకు దెబ్బ తగిలినవాళ్లని అడిగే ప్రశ్నలు. జవాబు రాయి.

క్రిస్మస్ సెలవులకి రానని మొన్న ఫోన్లో అన్నావేం? చికెన్ వండుతాను, సర్వపిండి చేస్తాను. వద్దంటావేమిటి?

స్వరూప


నాటింగ్‌హామ్
27 జనవరి 2008

అక్కా,

జవాబు ఆలస్యమైంది. ఏదో ఒకటి. కర్టెన్లు వేసుకుని రాస్తున్నాను, పగటి వెలుతురు కళ్లలో గుచ్చుతోంది. కింద ఇంట్లోవాళ్ల టీవీ చప్పుడు, చెంచా కిందపడ్డ చప్పుడు, అన్నీ నెత్తి మీదే. పడుకుంటే లేవాలనిపిస్తుంది, లేస్తే పడుకోవాలనిపిస్తుంది. చలికాలం ఇక్కడివాళ్లందరికీ ఇలాగే ఉంటుందట.

పోయిన ఆదివారం నిన్ను నవ్వించే పని చేశాను. మేం ముందున్నాం అక్కా, మొదటిసారి! ఇక ఐదు నిమిషాలుందనగా ఎదుటివాడు బంతి జారవిడిచాడు. నేను అందుకున్నాను. అందుకుని ఉరికాను చూడు, ఒక్కడు కూడా నన్ను పట్టుకోలేదు. ఎందుకు పట్టుకుంటారు? నేను ఉరికింది మా గీతవైపు! మా వాళ్లు అరుస్తుంటే నన్ను మెచ్చుకుంటున్నారనుకున్నాను. మా గీత దాటాక ఒకడొచ్చి నన్ను మెల్లగా పడగొట్టాడు. వాళ్లకు రెండు పాయింట్లు. పన్నెండు - పదమూడు. ఒక్క పాయింటుతో ఓడిపోయాం.

బట్టలు మార్చుకునే గదిలో అందరూ తలలు వంచుకుని బూట్లు విప్పుతున్నారు. అప్పుడు చెప్పాను, మా కబడ్డీలో ఇంతే, అవతలివాణ్ణి తాకగానే వెనక్కి మన ఇంటివైపు ఉరకాలి, చిన్నప్పటి అలవాటు కాలికి ఎక్కిపోయిందని. డానీ ముందు నవ్వాడు, తర్వాత అందరూ నవ్వారు. ఇప్పుడు నన్ను చూస్తే చాలు, "కబడ్డీ, కబడ్డీ" అంటున్నారు. గండం గడిచింది.

ఇంకో ముచ్చట చెప్పడం మరిచాను. మొన్నొక మ్యాచ్‌లో ఎవరిదో కుక్క, చెవులు వేలాడేది, మైదానంలోకి వచ్చి బంతి మీద కూర్చుంది! రెఫరీ బిస్కెట్ ఇస్తే గానీ లేవలేదు. నువ్వుంటే నవ్వేదానివి.

మల్లి


ఈస్ట్ హామ్
30 జనవరి 2008

మల్లికార్జునా,

కుక్క ముచ్చట డిసెంబర్‌లోనే రాశావు. బిస్కెట్‌తో సహా. నేను నవ్వి, దానికి జవాబు కూడా రాశాను. ఆ రెండు ఉత్తరాలూ పక్కపక్కన పెట్టుకుని చూస్తున్నాను. మొదటిదాంట్లో నీ అక్షరాలు గీత మీద కూర్చున్నాయి. రెండోదాంట్లో కుడివైపుకి జారిపోతున్నాయి.

ఇంకొకటి. చిన్నప్పటి అలవాటని ఎవరికి చెప్తున్నావురా? ఆ తెల్ల పిల్లలు నమ్ముతారు, వాళ్లకేం తెలుసు. తాకి వెనక్కి ఉరికేది కూతకు పోయినవాడు. నువ్వు ఎప్పుడు పోయావు? అవతలి కోర్టే తొక్కనివాడికి ఇంటివైపు ఉరికే అలవాటు ఎక్కడిది? కార్నర్‌వాడికి ఉండే అలవాటు ఒక్కటే, ఉన్నచోట ఉండి పట్టుకోవడం.

ఆ రోజు ఏం జరిగింది? దెబ్బ ఎప్పుడు తగిలింది, ఎన్నిసార్లు తగిలింది? మా సర్జరీలో తల దెబ్బ గురించి ఇచ్చే కాగితం ఇందులో పెడుతున్నాను. వెలుతురు పడకపోవడం, చప్పుడు పడకపోవడం, చెప్పిందే చెప్పడం, చిరాకు. నీ ఉత్తరం చూసి రాసినట్టుంది. తగ్గకముందే రెండో దెబ్బ తగిలితే ఏమవుతుందో కింద ఉంది. ఆ ముక్క మూడుసార్లు చదువు.

నాకు భయంగా ఉంది.

అక్క


నాటింగ్‌హామ్
6 ఫిబ్రవరి 2008

అక్కా,

సీఐడీ ఉద్యోగం చెయ్యాల్సింది నువ్వు. సరే, విను.

అవును. ఆ రోజు బంతి చేతికొచ్చాక ఏ వైపు ఎవరిదో నాకు తెలియలేదు. అటూ అవే పసుపు స్తంభాలు, ఇటూ అవే. దానికి ముందు ఆటలో ఒకడి భుజం నా గదవ కిందికి తగిలి తలంతా అదిరింది. క్రిస్మస్‌కి ముందొకటి, ఇదొకటి. క్రిస్మస్‌కి రానన్నది కూడా అందుకే, రైలు చప్పుడు భరించలేక. పుస్తకం పేజీ తిప్పితే వెనక పేజీలో ఏం చదివానో పోతోంది. చాలా? అంతా చెప్పాను.

ఇప్పుడు నా మాట విను. ఇంక ఒక్క మ్యాచ్ ఉంది. ఫిబ్రవరి 24, మా మైదానంలోనే. ఇరవై మందిమి మిగిలాం. మా లీగ్ రూల్ ప్రకారం ఇరవైకి ఒక్కడు తగ్గినా మ్యాచ్ లేదు, ఆడకుండానే ఓడినట్టు. డానీకి ఇది చివరి ఏడు. మూడేళ్లలో వాడు ఒక్క మ్యాచ్ గెలవలేదు. చెయ్యి విరిగినవాడు కట్టు కట్టుకుని వస్తానంటుంటే, నేను తలనొప్పని కూర్చోనా? నేను కూర్చుంటే పంతొమ్మిది మంది కూర్చోవాలి. ఒక్క గంట అక్కా. ఒక మూల నిలబడతాను. ఎవరి మీదా పడను.

బావకి చెప్పకు. ఇంటికి అసలే చెప్పకు. బాపు నీకు చేసింది నువ్వు నాకు చెయ్యకు. నీ ఆట ఆపినందుకు ఆ మనిషితో నేను ఈ రోజుకీ సరిగ్గా మాట్లాడను. నువ్వు కూడా ఆపితే నీతో కూడా అంతే.

మల్లి


ఈస్ట్ హామ్
9 ఫిబ్రవరి 2008

తమ్మీ,

మూడు కాగితాలు చింపాను. ఇది నాలుగోది. ఏం వచ్చినా పంపేస్తాను.

బాపు నన్ను ఆపలేదు.

తొంభై తొమ్మిది జనవరిలో కరీంనగర్‌లో ఫైనల్స్. సెమీఫైనల్లో నేను కూతకు పోయి వెనక్కి తిరిగినప్పుడు కుడి మోకాలు "టప్" అంది. నాకొక్కదానికే వినిపించింది. సాయంత్రానికి బూరెలా ఉబ్బింది. మేం ఏడుగురమే మిగిలాం, ఎనిమిదో పిల్లకి జ్వరమొచ్చి ఇంటికి పోయింది. నేను చెప్తే ఏడుగురం ఆరుగురమవుతాం, కప్పు పోతుంది. అందుకని చెప్పలేదు. రెండు గుడ్డపట్టీలు చుట్టి, మీద ప్యాంటు వేసుకుని పోయాను. ఒక్క ఆట కదా అనుకున్నాను. నువ్వూ ఒక్క గంట అనే రాశావు చూడు.

కప్పు గెలిచాం. సెకండాఫ్‌లో మోకాలు పక్కకి జారింది, అయినా గీతని వేళ్లతో తాకాను. ఆ కప్పు ఆ హాస్టల్ వార్డెన్ గదిలో ఉంది. దుమ్ము కూడా తుడవరు. మోకాలు నా దగ్గర ఉంది.

తర్వాత స్టేట్ క్యాంపుకి రమ్మని పిలుపు వచ్చింది. ఎలా పోతాను? కాలు పోయిందని చెప్తే ఊరంతా "అయ్యో" అంటుంది, పైగా దాచిపెట్టి నాశనం చేసుకున్నావని కోచ్ తిడతాడు. బాపు వద్దన్నాడంటే ఊరంతా "ఎంత బాగ ఆడేదో పాపం" అంటుంది. నాకు ఆ రెండోదే కావాలనిపించింది. ఆడలేక మద్దెల ఓడన్నట్టు, మద్దెలకి బదులు బాపుని చూపించాను. నీకు కూడా అదే చెప్పి నీ ఒళ్లో తల పెట్టి ఏడ్చాను. నీకు పదమూడేళ్లు. నువ్వు ఆ రోజు నుంచీ బాపు ముందు కూర్చుని అన్నం తినడం మానేశావు. నేను చూస్తూ ఊరుకున్నాను. ఇంత సిగ్గులేని పని నేను ఇంకోటి చెయ్యలేదు.

మెట్లు ఎండ్రకాయలా దిగుతానని నవ్వావు కదా. ఇప్పుడు తెలిసిందా ఎందుకో.

ఫోన్ తీసి మీ కాలేజీకి చెప్పడం నాకు నిమిషం పని. రోజంతా నేను చేసేది అదే. కానీ నోరు విప్పాల్సింది నువ్వు. నా తరఫున ఇంకెవరో చెప్పి ఉంటే నేను వాళ్లని జన్మంతా తిట్టుకునేదాన్ని. ఇరవై మూడో తారీకు దాకా చూస్తాను. చెప్పానని నీ దగ్గర్నుంచి మాట రాకపోతే, ఆదివారం పొద్దున మీ మైదానం గీత మీద నేను నిలబడి ఉంటాను. వచ్చి నీ కాలు పట్టుకుంటాను. నా పట్టు సంగతి నీకు తెలుసు.

నన్ను తిట్టుకో. బాపుని మాత్రం ఇంక తిట్టకు.

అక్క


నాటింగ్‌హామ్
2 మార్చి 2008

అక్కా,

"చెప్పేశాను" అని నేను పంపిన ఒక్క ముక్క మెసేజ్‌తో నీకు నిద్ర పట్టి ఉండదని తెలుసు. ఇన్ని రోజులు రాయలేదెందుకంటే నీ మీద చాలా కోపంగా ఉన్నాను. ఎంత కోపమంటే, నీ ఉత్తరం మడిచి బూటులో పెట్టేశాను. తర్వాత తీశాను. మళ్లీ పెట్టాను.

మ్యాచ్ ముందు శనివారం ప్రాక్టీసులో అందరి ముందూ చెప్పాను. కబడ్డీ అలవాటు అబద్ధమని, నేను కూతకు పోయేవాణ్ణే కాదని, ఆ రోజు ఏ వైపు ఉరుకుతున్నానో తెలియలేదని. డానీ హెల్మెట్‌ని గోడకేసి కొట్టాడు. "యు కుడ్ హావ్ టోల్డ్ అస్ ఇన్ జనవరి" అన్నాడు. నిజమే కదా. జనవరిలో చెప్పి ఉంటే ఇంకొకణ్ణి వెతుక్కునేవాళ్లు. ఆదివారం అవతలి జట్టు రెండు గంటలు ప్రయాణం చేసి వచ్చింది. రెఫరీ తలలు లెక్కపెట్టాడు. పంతొమ్మిది. అంతే, సీజన్ అయిపోయింది. ఎనిమిదికి ఎనిమిదీ ఓటమి. నాతో ఎవరూ మాట్లాడలేదు. డానీ మాత్రం మంగళవారం వచ్చి నన్ను ఆసుపత్రికి తీసుకుపోయాడు. స్కాన్ తీశారు. రక్తం గడ్డలాంటివేమీ లేవట. మూడు నెలలు పరుగు కూడా వద్దన్నారు, ఈ ఆట ఇక మళ్లీ వద్దన్నారు. అప్పుడు డానీ, "గుడ్" అన్నాడు. అన్నాక ముఖం అటు తిప్పుకున్నాడు.

నిన్న బాపుకి ఫోన్ చేశాను. డ్యూటీ దిగి సిరిసిల్ల బస్టాండ్‌లో ఉన్నాడు, చుట్టూ హారన్లు. ఎలా మొదలుపెట్టాలో తెలియక, "బాపూ, అక్క కాలు సంగతి నాకు ఇప్పుడు తెలిసింది" అన్నాను.

హారన్లకు దూరంగా జరిగినట్టున్నాడు, చప్పుడు తగ్గింది. తర్వాత అన్నాడు:

"నాకు అప్పుడే ఎరుక బిడ్డా. కప్పు పట్టుకొని బస్సు దిగిన దినమే ఎరుక. ఇరవై ఏండ్ల సంది కండక్టర్ కొలువు చేస్తున్న. కాలు నొప్పున్నోళ్లు బస్సు ఎట్ల దిగుతరో నాకు తెల్వదా?"

"మరి నువ్వే ఆపినవని అందరు అంటుంటె ఎందుకు ఊకున్నవ్?"

"అది నా పేరు చెప్పి ఏడ్సింది. ఏడ్వనీ అనుకున్న. తనను తాను తిట్టుకుంటే అన్నం ముట్టకపోవు. నన్ను తిట్టుకుంటనైన తిన్నది. రెండుమాట్ల దవాఖానకు తోలుకపోదామని బస్టాండుకు పిలిచిన. రాలె."

నింద మోశాడు అక్కా. తొమ్మిదేళ్లు. ఆయనే, "నీ తల ఎట్లుంది?" అన్నాడు. నా తల సంగతి నేను చెప్పనేలేదు. నీ పనేనా?

ఇక నీ వంతు. నాకు రాయకు, ఆయనకి ఫోన్ చెయ్యి.

మల్లి


ఈస్ట్ హామ్
11 మార్చి 2008

తమ్మీ,

నా పనే. నీ మెసేజ్ వచ్చిన రోజే నీ తల సంగతి ఆయనకి చెప్పాను, నా కాలు సంగతి మాత్రం చెప్పలేదు. బావకి కూడా చెప్పాను, రెండు కథలూ.

బాపుకి మళ్లీ ఫోన్ చేశాను. క్షమించమందామని చేస్తే ముందు ఆయనే, "మోకాలు ఎట్లుంది బిడ్డా?" అని, నిన్ననే దెబ్బ తగిలినట్టు అడిగాడు. పావుగంట ఏడ్చాను. ఆయన పెట్టెయ్యలేదు. రెండుసార్లు బస్టాండుకి పిలిచిన మాట నిజమే. అప్పుడు ఎందుకని నేను అడగలేదు, ఆయన చెప్పలేదు.

నిన్న సర్జరీలో అపాయింట్‌మెంట్ల పేజీలో నా పేరు నేనే ఎక్కించుకున్నాను. మా జీపీ డాక్టరు నా మోకాలు అటూ ఇటూ వంచి, "హౌ లాంగ్?" అన్నాడు. తొమ్మిదేళ్లన్నాను. రోజూ తన గది బయటే కూర్చునేదాన్ని తలెత్తి ఎగాదిగా చూశాడు. పెద్దాసుపత్రికి రాశాడు.

నా మీద కోపం పోకపోతే ఉంచుకో. శనివారం మాత్రం రా, సర్వపిండి చేస్తాను. రైల్లో చెవుల్లో దూది పెట్టుకో. ఇక్కడ బజర్ పూర్తిగా పాడైంది, కింద నిలబడి ఒక్క మిస్డ్ కాల్ ఇవ్వు. నేనే వచ్చి తలుపు తీస్తాను. దిగేసరికి కాస్త సేపు పడుతుంది. నిలబడు.

అక్క